సిలువ కింద దిమ్మె

గుంటూరు నుంచి నరసరావుపేట వెళ్లే బస్సులో కిటికీ పక్క సీటు దొరికితే దారిపొడుగునా సిలువలు లెక్కపెట్టుకుంటూ పోవచ్చు. పల్లె మొదట్లో ఒకటి, చెరువుగట్టు దగ్గర ఒకటి, దూరంగా గుట్ట మీద సున్నం కొట్టిన తెల్లటిది ఒకటి, రోడ్డు పక్కనే ముళ్లకంప వెనక సమాధుల మీద చిన్నవి బోలెడు. ఫిరంగిపురం వచ్చేసరికి లెక్క తప్పుతుంది. చూసేవాళ్లకి అవన్నీ చెప్పేది ఒక్కటే, ఇక్కడ క్రైస్తవులున్నారని. అక్కడితో చూపు ఆగిపోతుంది. భక్తి ఉన్నవాళ్లు దణ్ణం పెట్టుకుంటారు, పడనివాళ్లు మొహం తిప్పుకుంటారు, మిగతావాళ్లు ఫోన్‌లో ఉంటారు. దాన్ని ఎవరు కట్టారు, దేనితో కట్టారు, కింద ఆ మెట్లు ఎందుకున్నాయి అని అడిగేవాళ్లు మాత్రం అరుదు. గోపురం బొమ్మల గురించి రాస్తారు, పీర్ల చావిడి గురించి రాస్తారు, బొడ్రాయి గురించి ఈ మధ్య బాగానే రాస్తున్నారు. రోడ్డు పక్క సిలువ జానపద కళ లెక్కలోకి రావడం లేదు, అది బయటినుంచి వచ్చిన గుర్తు కదా, అందులో మనదేముంది అన్న ఆలోచన వల్ల.

నిజానికి సిలువలో మేస్త్రీకి చేయడానికి పెద్దగా ఏమీ లేదు. నిలువు ఒకటి, అడ్డం ఒకటి, ఎవరు కట్టినా అంతే. కొసల్లో మూడు మొగ్గలు పెట్టొచ్చు, రెండు కర్రలు కలిసేచోట సూర్యకిరణాల్లాంటి గీతలు లాగొచ్చు, ఇంకా మోజుంటే అంచులకి వేరే రంగు. అందుకే చెయ్యి తిరిగిన మేస్త్రీ తన పనితనమంతా కిందికి దించేశాడు, దిమ్మెలోకి. చతురస్రంగా మూడు మెట్లు, పైన సన్నబడే స్తంభం పాదు, నాలుగు మూలలా చిన్న బుడిపెలు, మధ్యలో దీపం పెట్టుకునే గూడు, గూటి చుట్టూ తోరణంలా గచ్చుపని. కొన్నిచోట్ల సిలువ మొదట్లో తామర రేకులు విచ్చుకుని ఉంటాయి. ఇంటి ముందు తులసికోట కట్టిన చెయ్యి, గుడి ప్రహరీ మీద హంసల్ని పెట్టిన చెయ్యి ఇక్కడ కూడా పనిచేసిందని చూడగానే తెలిసిపోతుంది. ఊళ్లో తాపీ మేస్త్రీ ఒకడే ఉన్నప్పుడు దేవుణ్ణి బట్టి అతని చేతివాటం మారదు కదా.

తామర మాట వచ్చింది కాబట్టి ఒక సంగతి. చెన్నైలో సెయింట్ థామస్ మౌంట్ మీద పహ్లవి అనే పాత పర్షియా లిపిలో అక్షరాలు చెక్కిన రాతి సిలువ ఉంది, 1547లో పోర్చుగీసు వాళ్లకి దొరికింది. దాని కింద కూడా రేకులున్నాయి. అంటే దక్షిణాదిలో సిలువని పువ్వు మీద నిలబెట్టడం నిన్నమొన్నటి ముచ్చట కాదు. గుంటూరు మేస్త్రీ దాన్ని చూసి చేశాడని అనక్కర్లేదు, పూజించే వస్తువు కింద పద్మం ఉండాలన్నది ఈ నేల మీద ఎవరికీ నేర్పాల్సిన విషయం కాదు.

మాట కూడా అలాంటిదే. సిలువ అనే పదం ఇంగ్లీషు దొరల దగ్గర్నుంచి రాలేదు. కేరళ పాత క్రైస్తవుల ప్రార్థన భాష సిరియాక్‌లో స్లీబా, అది తమిళంలో సిలువై అయి, తెలుగులో సిలువ అయింది. లాటిన్, పోర్చుగీసు దారిలో వచ్చిన క్రూసు అనే మాట కూడా కతోలికుల నోట వినిపిస్తుంది, కేరళ వాళ్ల కురిశు కూడా ఆ దారిదే. ఇంకో చిన్న తేడా గమనించండి, పత్రికల వాళ్లు ఎక్కువగా శిలువ అని రాస్తారు, తెలుగు బైబిల్లో మాత్రం సిలువే. దిమ్మె మీద రంగుతో రాసినవాడు ఏ అక్షరం వాడాడో చూస్తే లోపలివాడా, డబ్బులిచ్చి పిలిపించిన బోర్డుల పెయింటరా అనేది చాలాసార్లు పట్టేయొచ్చు.

మెట్ల సంగతికి వద్దాం. మూడు మెట్లు ఎందుకంటే విశ్వాసం, నిరీక్షణ, ప్రేమ అని పాస్టరుగారు చెప్తారు. ఏడుంటే యేసు సిలువ మీద పలికిన, శుభ శుక్రవారం నాడు ప్రసంగించే ఏడు మాటలు. అయిదుంటే యేసు అయిదు గాయాలు. అర్థం ముందొచ్చిందా మెట్టు ముందొచ్చిందా అని అడిగితే జవాబు కొంచెం నేలలో వెతకాలి. గుంటూరు జిల్లాలో చాలా భాగం నల్లరేగడి. వానకి ఉబ్బుతుంది, ఎండాకాలం చెయ్యి పట్టేంత నెర్రెలు విచ్చుతుంది. సన్నటి స్తంభం ఒకటి నేరుగా పాతితే రెండు మూడు వర్షాకాలాలకే ఒరిగిపోతుంది, ఒరిగిన కరెంటు స్తంభాలు ఎన్ని చూడట్లేదు. బరువుని వెడల్పుగా పరచాలి, కింద ఇసుక పోసి రాళ్లు దిట్టించి పైకి వచ్చేకొద్దీ తగ్గించుకుంటూ రావాలి. అలా కడితే మెట్లు వాటంతటవే వస్తాయి. పల్నాడు వైపు నాపరాయి చవకగా దొరుకుతుంది కాబట్టి మెట్ల మీద బండలు పరిచేస్తారు, ఇక అది కూర్చోవడానికి అరుగు కూడా అయింది. సాయంత్రం ముసలాళ్లు అక్కడే, పిల్లల గోలీలు అక్కడే, ఎన్నికలొస్తే నాయకుడు నిలబడి మాట్లాడేది కూడా ఆ మెట్టు మీద నుంచే. దేవుని వస్తువు మీద కాళ్లు పెట్టొచ్చా అనే సందేహం పై మెట్టుకి మాత్రమే వర్తిస్తుంది, కింది మెట్లు అందరివీ.

ఇక్కడ కులం గురించి మాట్లాడకుండా దాటేస్తే ఈ దిమ్మె అర్థం కాదు. ఊరికి నడిబొడ్డున బొడ్రాయి ఉంటుంది, దాని ప్రతిష్ఠకి ఊరంతా కదులుతుంది అంటారు కానీ ఆ ఊరంతాలో పల్లె ఎంతవరకు ఉండేదో అందరికీ తెలుసు. మాలపల్లె, మాదిగపల్లె ఊరికి అవతల, కాలవకి అవతల. మిషనరీల వెంట వెళ్లిన కుటుంబాలు చాలావరకు అక్కడివే. వాళ్లకి సొంతంగా ఒక నడిబొడ్డు కావలసి వచ్చింది, పెళ్లి ఊరేగింపు మొదలయ్యేచోటు, శవాన్ని కాసేపు దించేచోటు, పంచాయితీ కూర్చునేచోటు. ఆ పని సిలువ దిమ్మె చేసింది. మతం మారడం అనే పెద్ద మాట పక్కన పెట్టి చూస్తే అది పల్లె తనకి తాను వేసుకున్న బొడ్రాయి. ఇప్పుడు చాలా పల్లెల మొదట్లో దాని పక్కనే నీలం కోటు, చేతిలో పుస్తకం, చూపుడువేలుతో అంబేడ్కర్ విగ్రహం కూడా ఉంటుంది. ఆయన 1956లో బౌద్ధం తీసుకున్నారు, పక్కన సిలువ ఉంది, ఇందులో ఎవరికీ ఇబ్బంది లేదు. ఏప్రిల్ 14న ఆయనకి దండ వేసినవాళ్లే డిసెంబరులో సిలువకి నక్షత్రం కడతారు.

ఇంకో చిక్కు కూడా ఉంది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం ఎస్సీ హోదా మొదట హిందువులకే, తర్వాత 1956లో సిక్కులకి, 1990లో బౌద్ధులకి కూడా ఇచ్చారు, క్రైస్తవంలోకి వెళ్లినవాళ్లకి మాత్రం లేదు. ఆంధ్రప్రదేశ్‌లో వాళ్లు బీసీ-సి కింద వస్తారు, ఆ కోటా ఒక్క శాతం. అందుకని కాగితం మీద ఒక మతం, ఆదివారం ఇంకోటి అనే బతుకు ఇక్కడ మామూలే. ఇంటి గుమ్మం మీద సిలువ వేయాలంటే కొంచెం టెన్షన్ పడే కుటుంబం కూడా పల్లె దిమ్మెకి చందా ఇవ్వడానికి వెనకాడదు, ఎందుకంటే అది ఎవరి సొంతమూ కాదు, ఎవరి సర్టిఫికెట్టుకీ అడ్డం రాదు. రోడ్డు పక్క సిలువ ఇంత గట్టిగా నిలబడటానికి భక్తితో పాటు ఇలాంటి లౌక్యం కూడా కారణమే.

ఏ దిమ్మె ఎవరిదో దూరం నుంచే గుర్తుపట్టొచ్చు. సిలువ మీద యేసు దేహం ఉంటే కతోలికులు, తలమీద INRI అని నాలుగు ఇంగ్లీషు అక్షరాల పలక కూడా ఉంటుంది. ఖాళీ సిలువైతే ప్రొటెస్టెంట్లు, అంటే లూథరన్లో సీఎస్‌ఐ (చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా) వాళ్లో. 1842 జూలై 31న జాన్ క్రిస్టియన్ ఫ్రెడరిక్ హయ్యర్ గుంటూరుకి వచ్చాక అమెరికా లూథరన్లకి ఈ జిల్లా పెద్ద కేంద్రమైంది, 1927లో ఆంధ్ర ఇవాంజెలికల్ లూథరన్ సంఘం ఏర్పడింది, దాని ముఖ్య కార్యాలయం ఇప్పటికీ గుంటూరే. వాళ్ల పల్లెల్లో దిమ్మె పొందిగ్గా, రంగులు తక్కువగా, వాక్యం పెద్దదిగా ఉంటుంది. బాప్టిస్టుల దారి వేరు. 1876-78 కరువులో జాన్ క్లౌ అనే మిషనరీ బకింగ్‌హామ్ కాలవ తవ్వకంలో మూడున్నర మైళ్ల కాంట్రాక్టు తీసుకుని జనానికి కూలి దొరికేలా చేశాడు, ఆ తర్వాత 1878 జూలై 3న ఒకే రోజు 2,222 మంది గుండ్లకమ్మ నీళ్లలో బాప్తిస్మం తీసుకున్నారు. వాళ్లకి జ్ఞాపకం అంటే ఏరే, దిమ్మె కాదు. బ్రదరెన్ సహవాసాల వాళ్లైతే మందిరం మీద కూడా సిలువ పెట్టరు, గోడ నిండా వాక్యం రాసుకుంటారు. అందుకని క్రైస్తవుల ఊరు అనగానే సిలువ వెతికితే కొన్నిచోట్ల దొరకదు, దానికి కారణం పేదరికం కాదు, సిద్ధాంతం.

కతోలికుల దిమ్మెలే చూడటానికి పండగలా ఉంటాయి. ఫిరంగిపురం పేరులోనే ఫిరంగి ఉంది, బాలయేసు దేవాలయం ఉంది, జూలై 16న కార్మెల్ మాత పండుగకి జనం కొండెక్కుతారు. అక్కడ లేత నీలం మేరీమాత రంగు, తెలుపు ఆదివారం రంగు, అంచులకి కుంకుమ ఎరుపు, ఈ మూడూ కలిపి వేస్తే ఏ ఊళ్లోనైనా పెళ్లి అరుగులా కనిపిస్తుంది. యూరప్ ఫాదర్లు తెచ్చిన ప్లాస్టర్ బొమ్మలకి మన పెయింటర్లు ఏడాదికోసారి రంగులు వేస్తూ పోతే, కనుబొమలు నల్లగా దట్టంగా, పెదాలు ఎర్రగా, మొత్తం మొహం ఈ ప్రాంతపు మొహం అయిపోతుంది. కళాచరిత్ర వాళ్లకి ఇది పాడుచేయడం, జానపద కళ అంటే మాత్రం సరిగ్గా ఇదే.

బయటి దేశాల్లో దీన్ని ఎలా చూశారో తెలిస్తే మన దగ్గర ఏం జరగట్లేదో తెలుస్తుంది. కెనడాలో ఫ్రెంచి మాట్లాడే క్యూబెక్ రాష్ట్రంలో పొలాల మధ్య రోడ్ల పక్కన చెక్క సిలువలు దాదాపు 3,000 ఉన్నాయంటారు. 1534 జూలై 24న జాక్ కార్టియే గాస్పేలో 30 అడుగుల సిలువ పాతాడు, అది రాజుగారి హక్కు చాటుకోవడం, అందులో కళ తక్కువ, రాజకీయం ఎక్కువ. తర్వాత రైతులు తమంతట తాము పెట్టుకున్నవి వేరే కథ. చర్చి చాలా దూరం, చలి, దారులు లేవు, కాబట్టి మే నెల సాయంత్రాలు నాలుగు ఇళ్ల వాళ్లు రోడ్డు పక్క సిలువ దగ్గరే చేరి మేరీమాత ప్రార్థన చేసుకునేవాళ్లు. ఆ సిలువల మీద సుత్తి, మేకులు, పటకారు, నిచ్చెన, పైన కోడిపుంజు చెక్కి ఉంటాయి. యేసు ఎవరో తెలియదని శిష్యుడు పేతురు మూడుసార్లు బొంకాక కోడి కూసింది కదా, ఆ పుంజు. వడ్రంగికి తన పనిముట్లనే సిలువ మీద చెక్కే అవకాశం దొరికింది, వదులుతాడా. మన దగ్గర చెక్కకి చెదలు, అందుకని ఆ పని వడ్రంగి చేతినుంచి తాపీ మేస్త్రీ చేతికి వచ్చింది, ఆ ఒక్క మార్పుతో కళ కూడా పైనుంచి కిందికి, సిలువ నుంచి దిమ్మెకి దిగింది. ఇక లిథువేనియాలో సిలువలు చెక్కే పనిని యునెస్కో 2001లోనే గుర్తించింది, 2008లో వారసత్వ జాబితాలో చేర్చింది. అక్కడి సిలువల గుట్టని సోవియట్ ప్రభుత్వం 1961లో బుల్డోజర్లతో చదును చేయిస్తే జనం రాత్రిపూట వచ్చి మళ్లీ పాతారు.

ఒక సరదా పోలిక. 1924 డిసెంబరు 24న మాంట్రియల్ నగరంలో మౌంట్ రాయల్ కొండ మీద 31.4 మీటర్ల ఇనుప సిలువకి మొదటిసారి కరెంటు దీపాలు వెలిగించారు. అదే 1924లో బెజవాడ పక్కన గుణదలలో ఇటలీ ఫాదర్ ఆర్లాటి కొండ మీద మేరీమాత విగ్రహం పెట్టాడు. మాంట్రియల్ సిలువ నగరానికి గుర్తుగా, కిందనుంచి చూసేదిగా మిగిలింది. గుణదలలో జనం ఊరుకోలేదు. మాత దగ్గర ఆగకుండా ఇంకా పైకి, కొండ కొసన ఉన్న సిలువ దాకా ఎక్కడం మొదలైంది, కొవ్వొత్తి వెలిగించి, కొబ్బరికాయ కొట్టి, తలనీలాలిచ్చి. ఫిబ్రవరి 9, 10, 11 తేదీల్లో తిరునాళ్లప్పుడు చూస్తే ఆ వచ్చేవాళ్లలో ఎవరు క్రైస్తవులో ఎవరు కాదో చెప్పడం కష్టం. అవతలి కొండ మీద కనకదుర్గమ్మకి మొక్కినట్టే ఇక్కడా మొక్కుతారు. అంటే చూసే వస్తువు కాస్తా ముట్టుకునే వస్తువైంది, మైనం, పసుపు, కొబ్బరినీళ్లు పడేదైంది. పల్లె దిమ్మె మీద గూడు ఎందుకుందో, ఆ గూడు ఎప్పుడూ మసి పట్టి ఎందుకుంటుందో దీన్నిబట్టి అర్థమవుతుంది.

సమాధుల సిలువల మీద విడిగా ఎంతైనా రాయొచ్చు, ఇక్కడ కొంచెమే. నవంబరు 2 సమాధుల పండుగ. అంతకు వారం ముందునుంచే సున్నం బకెట్లు, బ్రష్షులు, కంప కొట్టే కూలీలు, బంతిపూలు. సమాధి మీద పుట్టిన తేదీ పక్కన జననం అని, రెండో తేదీ పక్కన మరణం అని కాకుండా ప్రభువునందు నిద్రించిరి అనో మహిమ ప్రవేశం అనో ఉంటుంది, ముందు మళ్లీ కీ.శే. కూడా ఉంటుంది. రెండు పరలోకాల మాటలు ఒకే పలక మీద. చెయ్యి తిరగని పెయింటర్ ‘నిద్రించిరి’లో వత్తు మర్చిపోతే అది తరతరాలు అలాగే ఉండిపోతుంది, ఎందుకంటే ఏటా రంగు వేసేవాళ్లు పాత అక్షరం మీదే దిద్దుతారు.

ఈ దిద్దడమే అసలు సంప్రదాయం. సున్నం మీద సున్నం, రంగు మీద రంగు, పగిలినచోట సిమెంటు పూత, కింద కొత్త దాతల పేర్లు. దిమ్మె ఒక మూల చెక్కితే ఉల్లిపాయలా పొరలు కనిపిస్తాయి. దీన్ని చంపుతున్నది ఎవరి ద్వేషమూ కాదు, అభివృద్ధే. పల్లె నుంచి హైదరాబాదుకో గల్ఫ్‌కో వెళ్లినవాళ్లు ప్రేమతో డబ్బు పంపుతారు, కమిటీ కూర్చుంటుంది, తాతలనాటిది బాగోలేదు మార్చేద్దాం అనుకుంటారు. పాతది కూల్చి నల్ల గ్రానైటు, బాత్రూంకి వాడే నిగనిగ టైల్స్, స్టెయిన్‌లెస్ స్టీల్ సిలువ, చుట్టూ రంగులు మారే ఎల్ఈడీ లైట్లు. మెట్లు తీసేసి గ్రిల్ పెడతారు, తాళం వేస్తారు, ఇక కూర్చునేందుకు చోటుండదు. బొమ్మ కావాలంటే తెనాలి వెళ్తే ఫైబర్‌లో అచ్చు పోసినట్టు దొరుకుతుంది. తెనాలి శిల్పుల పనితనానికి వంక పెట్టడం కాదిది, వాళ్లు చేసేది మంచి పనే, కాకపోతే ఒకే అచ్చులో వచ్చిన యేసు పది ఊళ్లలో ఒకేలా ఉంటాడు, పాత గచ్చు బొమ్మకి మాత్రం ఆ ఊరి మేస్త్రీ వేళ్ల గుర్తులుండేవి. ఇచ్చేవాళ్లని తప్పుపట్టడం కూడా తేలిక కాదు. సున్నం గోడ పేదరికానికి గుర్తుగా ఒకప్పుడు ఎవరి మీద రుద్దబడిందో వాళ్లు గ్రానైటు కావాలంటే, వారసత్వం పేరుతో వద్దని చెప్పే హక్కు బయటివాళ్లకి ఎంతుంది?

చట్టం వైపు నుంచి సాయం ఏమీ లేదు. 1958 నాటి పురాతన కట్టడాల చట్టం ప్రకారం కనీసం 100 ఏళ్లు దాటిందే ప్రాచీన కట్టడం లెక్క, దిమ్మెలకి అంత వయసున్నట్టు చూపించే కాగితం ఎక్కడుంటుంది, ఉన్నది చాలావరకు పోరంబోకు స్థలం. పైగా 2009 సెప్టెంబరు 29న సుప్రీంకోర్టు రోడ్లు, పార్కులు, బహిరంగ స్థలాల్లో అనుమతి లేని కొత్త ప్రార్థనా కట్టడాలు రాకూడదని, ఉన్నవాటిపై ఒక్కొక్కదాన్ని విడిగా పరిశీలించి నిర్ణయం తీసుకోవాలని రాష్ట్రాలకి చెప్పింది. అది అన్ని మతాలకీ వర్తించే మాట, అందులో తప్పు పట్టడానికి లేదు. కాకపోతే రోడ్డు వెడల్పు చేసేటప్పుడు సర్వే వాళ్ల కాగితంలో దిమ్మె ఒక అడ్డంకి, ఆందోళన చేసేవాళ్లకి అది ఒక జెండా, దాన్ని కూల్చేలోపు కొలతలు రాసుకుని, నాలుగు వైపులా ఫొటోలు తీసి, మీద రాసిన పేర్లు ఎత్తి రాసుకునే పని ఎవరిదీ కాదు. వెనక్కి జరిపి కడతామని ఒప్పందం కుదురుతుంది, జరిపి కడతారు కూడా, కట్టేది మాత్రం టైల్స్‌తో.

పాత దిమ్మె తీసేటప్పుడు అక్షరాలున్న నాపరాయి పలకని ఎవరూ పగలగొట్టరు, అది పాపం అనిపిస్తుంది. జాగ్రత్తగా ఊడదీసి మందిరం గోడకి ఆనించి పెడతారు, కొత్తదాంట్లో ఎక్కడైనా బిగిద్దాం అనుకుంటారు. కొత్తదాని కొలతకి అది సరిపోదు. కొన్నాళ్లు అక్కడే ఉంటుంది, ఆ తర్వాత ఎవరో బోరింగు దగ్గరికి చేరుస్తారు, నున్నటి వైపు పైకి, పేర్లున్న వైపు కిందికి. బట్టలుతకడానికి అంత మంచి బండ మళ్లీ దొరకదు.